గట్టుకు అటూ ఇటూ

(మన పూర్వ విద్యార్థుల సంఘం స్వర్ణోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



మన సంఘం కార్యదర్శి ఫోన్ చేసి, "అక్కా, నువ్వు చేసే పని గురించి ఒక అరగంట మాట్లాడు. కాకపోతే అందరికీ అర్థమయ్యేటట్టు మాట్లాడు" అన్నాడు. రెండో షరతు న్యాయమైనదే. ముప్పై ఏళ్లకు పైగా మానవశాస్త్రం పాఠాలు చెబుతున్నాను. మా ఊళ్లో ఇప్పటికీ కొందరు నేను పుర్రెలు కొలుస్తానని అనుకుంటారు. మా మేనమామ బతికున్నన్నాళ్లూ "మా మేనకోడలు అడవుల్లో డాక్టరు" అనే చెప్పుకున్నాడు.

నేను చేసే పని ఇది. ఒకచోట నేల, నీరు, చెట్టు, చేప మారిపోతుంటే అక్కడి మనుషుల మధ్య ఏం మారుతోందో చూడటం. మనుషుల మధ్య జరిగిన మార్పు తిరిగి ఆ నేలనూ నీటినీ ఏం చేస్తోందో చూడటం. ఇందుకు పుస్తకాలు కావాలి, లెక్కలు కావాలి. కానీ ఎక్కువ భాగం ఒకరి అరుగు మీద కూర్చుని, వాళ్లు చెప్పేది అడ్డు రాకుండా వినడమే. ఆ వినడం నేను విశ్వవిద్యాలయంలో నేర్చుకోలేదు. ఈ బడిలో, అదిగో ఆ పెంకుల షెడ్డు ఉన్నచోట నేర్చుకున్నాను.

మనది కొల్లేటి అంచు బడి. మా రోజుల్లో హాజరు పట్టీ చూడనక్కర్లేదు, కిటికీలోంచి నీరు చూస్తే చాలు. నీరు నిండుగా ఉన్నప్పుడు లంకల పిల్లలు తాటి దోనెల్లో నేరుగా బడి వెనక రేవుకు వచ్చేవాళ్లు. నీరు తీసి బురద మిగిలినప్పుడే వాళ్లకు కష్టం. దోనె సాగదు, కాలు పడదు. ఆ నెలల్లో లంకల బెంచీలు ఖాళీ.

ఒకరోజు సైన్సు మాస్టారు చేప ఎలా ఊపిరి పీలుస్తుందని అడిగారు. అందరం మొప్పలతో అని అరిచాం. నా పక్కన కూర్చునే లంక పిల్ల లేచి, "అన్నీ కాదండీ. కొర్రమీను, గొరక, మార్పు పైకొచ్చి గాలి మింగుతాయి. బురదలో కూడా బతికే ఉంటాయి. శీలావతి అలా బతకదు" అంది. క్లాసంతా నవ్వింది. మాస్టారు నవ్వలేదు. పాఠం తిరగేశారు, అందులో లేదు. వారం తర్వాత ఏదో పెద్ద పుస్తకం చూసి వచ్చి, "ఆ అమ్మాయి చెప్పింది నిజం, మన పుస్తకంలో రాయలేదంతే" అని అందరి ముందూ చెప్పారు. పుస్తకంలో లేనిది కూడా ఎవరికో తెలిసి ఉంటుందని నాకు మొదట తెలిసింది ఆ రోజే. ఆ పిల్ల ఎనిమిదో తరగతితో బడి మానేసింది. ఈ సభలో ఆమె గురించి చెప్పనా అని అడిగితే, "చెప్పుకో, పేరొద్దు" అంది. కాబట్టి పేరు చెప్పను. ఈ మాటల్లో ఆమె మళ్లీ వస్తుంది.

మీకు కొల్లేరు గురించి చెప్పడం తాతకు దగ్గులు నేర్పడమే. అయినా పిల్లల కోసం నాలుగు ముక్కలు చెబుతాను. కృష్ణా, గోదావరి డెల్టాల మధ్య పళ్లెంలాంటి పల్లం మన కొల్లేరు. బుడమేరు, తమ్మిలేరు, రామిలేరు ఇందులోకే వస్తాయి. పై చేలల్లో మిగిలిన నీళ్లు మోసుకుని మురుగు కాలువలూ ఇందులోకే వస్తాయి. వచ్చే దారులు డజన్ల కొద్దీ ఉన్నాయి. పోయే దారి మాత్రం ఒక్కటే, ఉప్పుటేరు. సుమారు 60 కిలోమీటర్లు వంకర్లు తిరిగి సముద్రంలో కలుస్తుంది.

ఇప్పుడు ఒక చిన్న లెక్క. సముద్రమట్టానికి 5 అడుగుల ఎత్తు గీత లోపలున్న కొల్లేరు 308 చదరపు కిలోమీటర్లు. మీరు పేపర్లో చదివే ప్లస్ 5 కాంటూరు అదే. 10 అడుగుల గీత దాకా తీసుకుంటే 901 చదరపు కిలోమీటర్లు. అంటే అయిదడుగుల నీరు పెరిగితే సరస్సు దాదాపు మూడింతలవుతుంది. కొల్లేటి అంచు ఎక్కడ అని అడిగితే మన తాతలు "ఏ నెలలో?" అని ఎదురడిగేవాళ్లు. వానల్లో చేపలు పట్టిన చోటే ఎండల్లో నీరు తీసిన కొద్దీ వరి వేసేవాళ్లు. ఒకే నేల ఆరు నెలలు ఒకరికి, ఆరు నెలలు ఇంకొకరికి పనికొచ్చేది.

అలాగని కొల్లేరు అనాదిగా ఒకే తీరున ఉండి, మన కళ్ల ముందే చెడిపోయిందని కూడా అనలేం. 1852లో ధవళేశ్వరం ఆనకట్ట, 1855లో బెజవాడ ఆనకట్ట పూర్తయ్యాయి. డెల్టాకు కాలువలు వచ్చాయి, కాలువలతో మురుగు వచ్చింది, మురుగు కొల్లేరుకు వచ్చింది. మనిషి చెయ్యి పడని కొల్లేరును మన ముత్తాతలు కూడా చూడలేదు. కనుక కొల్లేరు మారిందా అన్నది నాకు పెద్ద ప్రశ్న కాదు. మారేటప్పుడు ఎవరిని అడిగారు, ఎవరిని అడగలేదు అన్నది నా ప్రశ్న.

ఇక్కడ మిమ్మల్ని ఒక్క అయిదు నిమిషాలు సముద్రం దాటిస్తాను. నీళ్ల గురించి మీ శాస్త్రం ఏం కనిపెట్టింది మేడమ్ అని నా విద్యార్థులు అడిగినప్పుడు నేను ముందు చెప్పేది ఇండోనేషియాలోని బాలి దీవి కథే.

బాలిలో కొండవాలు మీద మెట్లు మెట్లుగా వరి మడులుంటాయి. ఒకే కాలువ కింద ఉన్న రైతుల సంఘాన్ని సుబాక్ అంటారు. ప్రతి సుబాక్‌కూ నీటి గుళ్లు ఉంటాయి. పైన, బాతూర్ అగ్నిపర్వతం దగ్గరి సరస్సుకు ఒక దేవత, ఆమెకు ఒక పెద్ద గుడి. ఎవరు ఎప్పుడు నాట్లు వేయాలి, ఎవరు ఎప్పుడు మడి ఖాళీగా వదలాలి అన్నది రైతులు ఆ గుళ్ల దగ్గర కూడి తేల్చుకునేవాళ్లు. 1970లలో హరిత విప్లవం అక్కడికీ వెళ్లింది. కొత్త వంగడాలు వేయండి, గుడి పంచాంగం పక్కన పెట్టి వీలైనన్ని సార్లు నాటండి అన్నారు. మొదట్లో దిగుబడి పెరిగింది. ఆ తర్వాత కాలువల్లో నీటి తగాదాలు, చేలల్లో సుడిదోమ. సుడిదోమ అనగానే వెనక వరసలో తలలు ఊగుతున్నాయి. మీకు నేను వివరించనక్కర్లేదు.

స్టీఫెన్ లాన్సింగ్ అనే మానవశాస్త్రవేత్త ఆ గుళ్లలో కూర్చుని, రైతుల మాటలు విని, పూజల తేదీలు రాసుకున్నాడు. అతనికి అర్థమైంది ఇది. ఇరుగుపొరుగు మడులన్నీ ఒకేసారి ఖాళీగా ఉంటే పురుగుకు తిండి దొరకదు, చస్తుంది. కానీ దీవంతా ఒకేసారి నాటితే అందరికీ ఒకేసారి నీళ్లు కావాలి, చాలవు. పురుగుకూ నీటికీ మధ్య ఈ ముడిని గుళ్ల పంచాంగం విప్పుతూ వచ్చింది. జేమ్స్ క్రేమర్ అనే జీవావరణ శాస్త్రవేత్తతో కలిసి దాన్ని కంప్యూటర్ మీద లెక్క కట్టించి చూపాడు. 1991లో పుస్తకం వేశాడు. ఆ నీటి పథకానికి అప్పిచ్చిన ఆసియా అభివృద్ధి బ్యాంకు కూడా పాత పద్ధతిని పక్కన పెట్టడం పొరపాటని తన సమీక్షలో ఒప్పుకుంది. 2012లో ఆ సుబాక్‌లకు యునెస్కో ప్రపంచ వారసత్వ గుర్తింపు ఇచ్చింది.

ప్రతి గుళ్లోనూ శాస్త్రం ఉందని నేననడం లేదు. కొల్లేటికోట పెద్దింట్లమ్మకు మొక్కుకుంటే నీరు శుభ్రమవుతుందని అంతకన్నా అనడం లేదు. ఆ తల్లికి మా అమ్మతో పాటు నేనూ మొక్కినదాన్నే, అది వేరే సంగతి. లాన్సింగ్ చూపించినది ఒక్కటే. అధికారుల కంటికి పూజగా కనిపించిన దాని లోపల ఒక నీటి ఒప్పందం ఉంది. పూజను పక్కన పెట్టినప్పుడు తెలియకుండా ఒప్పందాన్ని కూడా పక్కన పెట్టారు.

మన కొల్లేటిలో అలాంటి ఒప్పందాలు ఉండేవా? ఉండేవి. 2007లో లంకల్లో కొన్ని నెలలు ఉన్నప్పుడు ఒక పెద్దాయన నాకు చెప్పారు. ఏ లంక నీళ్లు ఏ లంకవో అందరికీ తెలుసు. ఊరి నీళ్లలో పట్టుబడి మీద వచ్చిన సొమ్ము ఊరి పెద్దల దగ్గర ఉండేది. గుడికి, పండక్కి, దారికి పోగా ఇంటింటికీ వాటా. మగదిక్కు లేని ఇంటికి కూడా ఏదో ఒకటి ముట్టజెప్పాలి. తొలకరి కొత్తనీరు దిగే మూతుల దగ్గర కొన్నాళ్లు మావులు పెట్టకూడదు. గుడ్లు పెట్టడానికి ఎదురెక్కే చేపను పోనివ్వాలి. "ఎదురెక్కే చేపను పట్టినవాడు వచ్చే ఏటి చేపను ఈ ఏడే తిన్నట్టు" అన్నారాయన. పెట్టినవాడికి తప్పు వేసేవాళ్లు. తప్పు కట్టనివాడికి నిప్పూ నీళ్లూ పుట్టవు.

ఇది రామరాజ్యమేం కాదు. ఆ పెద్దల కూటంలో ఆడవాళ్ల మాటకు చోటు లేదు. బలమున్న ఇంటివాడు తప్పు కట్టకుండా తప్పించుకున్న కథలు కూడా ఆయనే చెప్పారు. నీళ్లు తీసిన ఏడు కొల్లేటివాళ్లు వలస పోయేవాళ్లు, గాలివాన వచ్చిన ఏడు ఇళ్లు పోయేవి. అయినా ఒక కట్టుబాటు ఉండేది.

అమెరికాలో గారెట్ హార్డిన్ అనే ఆయన 1968లో ఒక వ్యాసం రాశాడు. అందరిదీ అయిన పచ్చికలో ప్రతివాడూ ఇంకో ఆవును తోలుకొస్తాడు, చివరికి పచ్చిక నాశనమవుతుంది, కాబట్టి దాన్ని సర్కారుకో సొంతదారుకో ఇచ్చెయ్యాలి అన్నాడు. ఎలినార్ ఆస్ట్రమ్ అనే ఆవిడ చేపల రేవులు, పచ్చికలు, కాలువలు ఎన్నో పరిశీలించి 1990లో జవాబు రాసింది. అందరిదీ అంటే దిక్కులేనిది అని అర్థం కాదు, మనుషులు కూడి కట్టుబాటు పెట్టుకుని తరాల తరబడి నడిపినవి ఎన్నో ఉన్నాయని చూపించింది. 2009లో ఆమెకు అర్థశాస్త్రంలో నోబెల్ బహుమతి వచ్చింది. ఆమె రాసింది మన లంకల పెద్దాయనకు చదివి వినిపిస్తే, "ఇందులో కొత్తేముందమ్మా?" అని అడిగేవారు.

మరి మన కట్టుబాటు ఏమైంది? 1970ల నడుమ ప్రభుత్వం మత్స్యకారుల సహకార సంఘాలకు కొల్లేటిలో చేపల చెరువులు తవ్వి ఇచ్చింది. ఉద్దేశం చెడ్డది కాదు. ఏటా వరదకూ ఎండకూ మధ్య నలిగే జనానికి నిలకడైన ఆదాయం ఇద్దామనే. కానీ గట్టు వేసిన చెరువుకు పిల్ల కావాలి, తవుడు, చెక్క కావాలి, మందులు కావాలి. పెట్టుబడి కావాలి. పెట్టుబడి లేనివాడు లీజుకిచ్చాడు. లీజు తీసుకున్నవాడు ఇంకో గట్టు వేశాడు. చూస్తుండగా కొల్లేటి చాంతాడులా గట్లు పెరిగాయి. బొచ్చె, శీలావతి ఐసు పెట్టెల్లో కలకత్తాకూ అస్సాముకూ వెళ్లాయి. ఊళ్లలో డాబాలు లేచాయి, పిల్లలు ఇంజనీర్లయ్యారు. ఈ హాల్లో ఉన్నవాళ్లలో చాలామంది చదువు ఆ చేపల్లోంచి వచ్చింది.

నా చదువు కూడా అలాగే వచ్చింది. ఈ మాట చెప్పకుండా మీకు పర్యావరణం గురించి చెప్పే అర్హత నాకు లేదు.

మా నాన్నకు కొల్లేటి అంచున నాలుగెకరాల పల్లపు చేను ఉండేది. మూడేళ్లకు రెండేళ్లు ముంపు. నేను ఇంటర్ పాసైన ఏడు పంట మొత్తం నీళ్లలో ఉంది. పైచదువు మాటే ఎత్తలేదు ఎవరూ. తర్వాతి ఏడు నాన్న ఆ చేనును చేపల చెరువుకు లీజుకిచ్చాడు. మొదటిసారి మా ఇంట్లో వానకు భయపడని సొమ్ము వచ్చింది. డిగ్రీ అయ్యాక విశాఖపట్నం హాస్టలుకు కట్టిన మొదటి ఫీజు అందులోదే. అక్కడే ఆంధ్ర విశ్వవిద్యాలయంలో మానవశాస్త్రం చదివాను. అక్కడి నుంచి మన్యంలోకి వెళ్లి, పోడు చేసే గిరిజనుల దగ్గర అడవి ఎందుకు తగ్గుతోందో ఏళ్ల తరబడి రాసుకున్నాను. అంతకాలమూ మా చేను ఏమైందని నేను ఒక్కసారి కూడా అడగలేదు.

2006లో సంగతి మీ అందరికీ తెలుసు. కొల్లేరును 1999లో ప్లస్ 5 గీత దాకా వన్యప్రాణుల అభయారణ్యం చేశారు. 2002లో రామ్‌సర్ జాబితాలో చేరింది, అంటే ప్రపంచమంతా కాపాడుకోవాల్సిన చిత్తడి నేలల్లో ఒకటయింది. గట్లు మాత్రం పెరుగుతూనే ఉన్నాయి. చివరికి సుప్రీం కోర్టు ఆదేశాలతో 2006లో గట్లు పగలగొట్టారు. పొక్లెయిన్లు వచ్చాయి, పేలుడు మందు కూడా వాడారు. టీవీలో చూశాను. పర్యావరణం చదివినదాన్ని కదా, మొదట సంతోషించాను. అంతలో అమ్మ ఫోన్ చేసి, మా ఊరివాళ్లు ఎంతమంది అప్పుల్లో ఉన్నారో చెప్పింది. ఆ రాత్రి నిద్ర పట్టలేదు. మర్నాడు సెలవు పెట్టి బస్సెక్కాను.

ఆ వేసవిలోనూ మరుసటి ఏడూ నేను విన్నవి మూడు రకాల మాటలు. చెరువు పోయినవాడు, "పట్టా ఉన్న నేల కూడా పగలగొట్టారు" అన్నాడు. పక్షుల కోసం పనిచేసే కుర్రాడు, "ఇప్పుడైనా కొల్లేరు ఊపిరి పీలుస్తుంది" అన్నాడు. ఇద్దరి మాటలూ రాసుకున్నాను. ఇద్దరిలోనూ నిజం ఉంది.

మూడో మాట ఆమెది, నా పక్క బెంచీ పిల్లది. లంకలో వాళ్ల ఇల్లు వెతుక్కుంటూ వెళ్లాను. అప్పటికి ఆమె చెరువుల మీద కూలికి వెళ్తోంది. గట్లు పోయాక ఆ కూలీ కూడా లేదు. నన్ను చూసి గుర్తుపట్టి, మంచినీళ్లు ఇచ్చింది. ప్లాస్టిక్ డబ్బాలోంచి ఒంచి ఇచ్చింది. చుట్టూ నీళ్లే, తాగే నీళ్లు మాత్రం కొనుక్కోవాలి. మా చిన్నప్పుడు వాళ్లు దోనెలోంచి వంగి దోసిలి పట్టి తాగిన నీళ్లు అవి.

ఏం జరిగిందో చెప్పమంటే ఆమె ఇలా అంది: "గట్టు వేసినప్పుడు మమ్మల్ని అడగలేదు. పగలగొట్టినప్పుడూ అడగలేదు. ఇప్పుడు నువ్వొచ్చి ఎలా ఉందని అడుగుతున్నావు." ఆ మాటలో కోపం లేదు. ఉన్నది ఉన్నట్టు చెప్పింది, సైన్సు మాస్టారికి చెప్పినట్టే.

తర్వాత ఇంకో సంగతి చెప్పింది. ఇది చెప్పాలా వద్దా అని ఆమె కాసేపు తటపటాయించింది. మా నాన్న చేను చుట్టూ గట్టు వేసినప్పుడు పక్కనున్న బోదె మూసుకుపోయింది. కొత్తనీటికి చేప ఎదురెక్కే దారి అదే. లంక దోనెలు బడి రేవుకు వచ్చే దారి కూడా అదే. ఆమె తమ్ముళ్లు ఆ ఏటి నుంచి గట్ల మీద చుట్టూ తిరిగి నడిచి బడికి రావాల్సి వచ్చింది. పెద్దవాడు ఒక ఏడాది వచ్చాడు. చిన్నవాడు అసలు చేరనే లేదు. "మీ నాన్నను తిట్టుకోలేదమ్మా. ఆయనకూ ఆడపిల్లను చదివించాలి కదా" అంది.

నేను రాసిన పుస్తకాల్లో, వ్యాసాల్లో ఈ ముక్క ఎక్కడా లేదు. రాసే ధైర్యం చాలలేదు. ఒక గట్టుకు ఇవతల నేను విశ్వవిద్యాలయానికి వెళ్లాను, అవతల ఒక పిల్లవాడికి బడి దారి మూసుకుపోయింది. మా నాన్న చెడ్డవాడు కాదు, లీజుకు తీసుకున్నవాడు చెడ్డవాడు కాదు, చెరువులు ఇచ్చిన ప్రభుత్వానికి దురుద్దేశం లేదు. నీటి దారి గురించి తెలిసినవాళ్లను ఒక్కరు కూడా కూర్చోబెట్టి అడగలేదు. అంతే జరిగింది. అదే ఇన్ని వందల గట్ల దగ్గర జరిగింది.

ఆ తర్వాతి కథ పత్రికల్లో చదివారు. అభయారణ్యం హద్దును ప్లస్ 5 నుంచి ప్లస్ 3కి తగ్గించాలని 2008లో శాసనసభ తీర్మానం చేసింది. కేంద్రం డాక్టర్ అజీజ్ నాయకత్వంలో వేసిన కమిటీ అందుకు సరేననలేదు. ఈలోపు పగిలిన గట్లు చాలాచోట్ల మళ్లీ లేచాయి. మొన్న 2024 సెప్టెంబరులో బుడమేరుకు గండ్లు పడి విజయవాడలో సగం ఊరు నీళ్లలో మునిగినప్పుడు, ఆ నీరంతా చివరికి ఎక్కడికి రావాలో టీవీలో అందరూ పటాలు గీసి చూపించారు. ఇక్కడికే రావాలి. ఇక్కడ దానికి పరుచుకునే చోటు ఎంత మిగిలిందో మన లంకలవాళ్లకు తెలిసింది, ముంగిట్లోకి నీళ్లు వచ్చాక.

గట్లన్నీ రేపే కొట్టేయమని గానీ, అన్నీ అలాగే ఉంచమని గానీ చెప్పడానికి నేను రాలేదు. ఆ తగువు కోర్టుల్లో ఉంది, ప్రభుత్వాల దగ్గర ఉంది. ఈ హాల్లో కుడివైపు చెరువులున్నవాళ్లు, ఎడమవైపు లంకలవాళ్లు కూర్చున్నారు. ఎవరూ కూర్చోబెట్టలేదు, అలవాటుగా అలా కూర్చున్నారు. వచ్చేటప్పుడే గమనించాను, వృత్తి దోషం. మీరిద్దరూ ఒకే గదిలో కూర్చునేది ఏడాదికి ఒక్కసారి, ఈ బడిలోనే. కాబట్టి ఈ బడి చేయగలిగిన పనే అడుగుతాను.

మన సంఘం పోయిన ఏడాది బడికి మంచినీళ్ల ప్లాంటు కట్టించింది. సంతోషం. అందరం చందాలిచ్చాం. దాని పక్క గోడ మీద ఒక కొలబద్ద గీయిద్దాం, అడుగులు, అంగుళాలతో. ప్రతి ఏటా కొల్లేటి నీరు ఎంత ఎత్తుకు వచ్చిందో, ఏ తేదీన వచ్చిందో తొమ్మిదో తరగతి పిల్లలు రాయాలి. పెద్దలకు గుర్తున్న పాత వరదల ఎత్తులు అడిగి అవి కూడా గుర్తు పెట్టాలి. రెండో పని, వేసవిలో పిల్లలు ఇద్దరిద్దరుగా వెళ్లి ఒక్కో పెద్దమనిషి దగ్గర కూర్చుని, పాత బోదెలు ఎక్కడెక్కడ ఉండేవి, ఏ చేప ఏ నెలలో ఎటు ఎక్కేది, ఏ కట్టుబాటు ఎప్పుడు పోయింది అని రాసుకోవాలి. ఒక లంక పిల్ల, ఒక చెరువు ఇంటి పిల్ల జతగా వెళ్లాలి. ఇది నా షరతు. ఆడవాళ్లను కూడా అడగాలి, ఇది రెండో షరతు. చేపలు కోసి, ఎండబెట్టి, తట్ట నెత్తిన పెట్టుకుని అమ్మినవాళ్లకు తెలిసినవి మగవాళ్ల లెక్కల్లో ఉండవు.

వీటివల్ల కొల్లేరు బాగుపడిపోతుందా అంటే పడదు. కానీ ఈసారి ఎవరైనా గట్టు వేయడానికో పగలగొట్టడానికో పటం పట్టుకుని వస్తే, మన దగ్గర కూడా ఒక పటం ఉంటుంది. అందులో బోదెలుంటాయి, నెలలుంటాయి, మనుషులుంటారు. రావాల్సినవాళ్లను అడగకుండా పని జరగడం అప్పుడు కాస్త కష్టమవుతుంది.

మొదలు నేనే పెడతాను. 2006, 2007లలో రాసుకున్న నోటుపుస్తకాలు పదకొండు తెచ్చాను, ఇదిగో ఈ సంచిలో ఉన్నాయి. పేర్లు బయటపెట్టవద్దన్నవాళ్ల పేర్లు కొట్టేశాను. హెడ్‌మాస్టరు గారికి ఇస్తున్నాను, బడి లైబ్రరీలో పెట్టించండి. పదకొండోదాని చివర చేపల పేర్ల పట్టీ ఒకటి ఉంది. నా పక్క బెంచీ అమ్మాయి ఒక మధ్యాహ్నం గుర్తుకొచ్చినట్టల్లా చెబుతుంటే రాసుకున్నాను. ఏది గాలి మింగుతుందో, ఏది మింగదో కూడా చెప్పింది. ఎనిమిదో తరగతి పిల్లలూ, ముందు ఆ పట్టీ చదవండి. అందులో మీరు చూసినవి ఎన్నో టిక్కు పెట్టండి. చూడనివి ఎవరినడిగితే తెలుస్తుందో వచ్చే సంక్రాంతికి నాకు చెప్పండి.